కజకిస్తాన్ కొరియన్ల ఊళ్ళలో కొన్ని రోజులు

ఏప్రిల్ 2, అల్మాటి

ఢిల్లీలో విమానం ఎక్కి ఒక పెద్ద తెలుగు సినిమా చూసేలోగా అల్మాటి వచ్చేస్తుంది. మనవాళ్ళకి 14 రోజుల దాకా వీసా అక్కర్లేదు. అందుకే ఈమధ్య మంచుకొండల ముందు నిలబడి ఫోటోలు పెట్టే తెలుగువాళ్ళు ఎక్కువయ్యారు. నేనొచ్చింది మంచు కోసం కాదు. మా అక్క కొడుకు ఇక్కడ ఎంబీబీఎస్ చదువుతున్నాడు. పోయినేడాది సెలవులకి హిందూపురం వచ్చినప్పుడు పెనుకొండ రోడ్డులో కొరియన్ అక్షరాల బోర్డులు చూసి, "మామా, మా క్లాసులో కూడా ఒక కొరియా అమ్మాయి ఉంది. కానీ వాళ్ళది ముత్తాతల కాలం నుంచీ కజకిస్తానే. కొరియా భాష ఒక్క ముక్క రాదు" అన్నాడు. ఆ మాట బుర్రలో పడింది, ఇక వదల్లేదు.

మా వైపు కొరియన్లు కొత్తేం కాదు. 2019లో ఎర్రమంచి దగ్గర కియా కార్లు తయారవడం మొదలయ్యాక వాళ్ళ హోటళ్ళు, వాళ్ళ సరుకుల కొట్లు వచ్చాయి. వాళ్ళు కంపెనీ పంపితే వస్తారు, కొన్నేళ్ళుంటారు, మళ్ళీ సొంతూరు పోతారు. ఇక్కడివాళ్ళ కథ అది కాదు. వీళ్ళని రైలెక్కించి తెచ్చి, గడ్డి కూడా సరిగ్గా మొలవని నేలమీద దించేశారు. తమని తాము 'కొర్యో సారం', అంటే కొరియా మనుషులు, అని చెప్పుకుంటారు. కజకిస్తాన్‌లో లక్షకు పైగా ఉన్నారు, పక్కనున్న ఉజ్బెకిస్తాన్‌లో ఇంకా ఎక్కువ.

సాయంత్రం స్వెటర్ మీద స్వెటర్ తొడుక్కుని బయటపడ్డాం. తులెబాయెవ్ వీధిలో విక్టర్ త్సోయ్ విగ్రహం ఉంది, చేతిలో లైటర్. సోవియట్ చివరి రోజుల్లో కుర్రకారుని ఊపేసిన రాక్ గాయకుడు. 1962లో లెనిన్‌గ్రాద్‌లో పుట్టాడు, 1990లో కారు ప్రమాదంలో పోయాడు. తండ్రి పుట్టింది కజకిస్తాన్‌లోని కిజిలోర్దాలో. ఈ అల్మాటి వీధుల్లోనే ఒక సినిమాలో నటించాడు కాబట్టి ఊరు అతన్ని తనవాడిగా చూసుకుంటుంది. విగ్రహం కింద ఎవరో సిగరెట్లు పెట్టి వెళ్ళారు.

అక్కడికి కాస్త దూరంలో, బైసెయితోవా, కుర్మాన్‌గాజి వీధులు కలిసేచోట డెనిస్ తెన్ స్మారకం. 2014 సోచి ఒలింపిక్స్‌లో ఫిగర్ స్కేటింగ్‌లో కజకిస్తాన్‌కి కంచు పతకం తెచ్చిన కుర్రాడు. వందేళ్ళ కిందట జపాన్ సైన్యం మీద తిరగబడిన మిన్ గుంగ్‌హో వంశం వాడు. 2018 జూలైలో తన కారు అద్దాలు పీకుతున్న ఇద్దరిని అడ్డుకోబోతే కత్తితో పొడిచేశారు. అప్పటికి అతనికి 25 ఏళ్ళు. పూర్వీకుడు జపాన్ వాళ్ళతో పోరాడి పోయాడు, వారసుడు కారు అద్దాల కోసం పోయాడు. ఏం చెప్తాం!

ఏప్రిల్ 3, అల్మాటి

గ్రీన్ బజార్‌లో గుర్రం మాంసం వరస దాటి, ఎండు ఆప్రికాట్ల వరస దాటి, కొరియా అవ్వల వరసకి వచ్చాం. తెల్లటి ఏప్రన్లు, నెత్తిన తెల్లటి టోపీలు, ముందు స్టీలు బేసిన్లలో గుట్టలు గుట్టలుగా సలాడ్లు. వంకాయ, ఫెర్న్ చిగుళ్ళు, సోయా పాల మీగడని ఎండబెట్టి చేసినవి, పారదర్శకంగా మెరిసే సేమియా, వెనిగర్‌లో ఊరిన పచ్చి చేప. అన్నిటికంటే పెద్ద గుట్ట మాత్రం కేరెట్‌ది. దాని పేరు 'మర్కోవ్‌చా'. మాజీ సోవియట్ దేశాల్లో ఎక్కడికెళ్ళినా 'కొరియా కేరెట్' దొరుకుతుంది. కొరియాలో మాత్రం దీన్ని పెద్దగా ఎరగరు. కిమ్చీకి కావలసిన పొడుగు క్యాబేజీ ఇక్కడ దొరక్క, దొరికిన కేరెట్‌ని పట్టుకున్నారు.

ఒక అవ్వ మమ్మల్ని చూసి, "ఇండియా? రాజ్ కపూర్!" అంది. ఈ ప్రాంతంలో ఎవరైనా అనే మొదటి మాట అదే. మేనల్లుడు రష్యన్‌లో బతిమాలితే చేసే పద్ధతి చూపించింది. కేరెట్‌ని ప్రత్యేకమైన తురుముపీట మీద సన్నగా, పొడుగ్గా, దారాల్లా గీసింది. ఉప్పు, చిటికెడు చక్కెర వేసి రెండు చేతులా పిసికింది. నీరు దిగాక వెనిగర్ చల్లింది. పైన మధ్యలో గుంట చేసి అందులో ధనియాల పొడి, ఎర్ర కారం, దంచిన వెల్లుల్లి పోసింది. చిన్న గిన్నెలో పొద్దుతిరుగుడు నూనె పొగలొచ్చేదాకా కాచి సరిగ్గా ఆ గుంటలో ఒంపింది. చుయ్యిమంది. ఆ వాసన మా అమ్మ పెట్టే తాలింపు వాసనే. ధనియాలు కొరియా వంటలో పెద్దగా వాడరు. ఇది మధ్య ఆసియా బజార్ల దగ్గర నేర్చుకున్నది. అరకిలో కట్టించుకున్నాం, హాస్టల్‌కి చేరేలోగా సగం అయిపోయింది.

సాయంత్రం కొరియన్ థియేటర్‌కి వెళ్ళాం. దీని చరిత్ర తెలిస్తే వీళ్ళ చరిత్ర సగం తెలిసినట్టే. 1860లలో కొరియాకి ఉత్తరపు కొసన హమ్‌గ్యోంగ్ ప్రాంతంలో కరువొస్తే రైతులు తుమెన్ నది దాటి రష్యా నేలమీదికి వచ్చారు. మొదట వచ్చినవి పదీ పదిహేను కుటుంబాలు, తర్వాత వేలకి వేలు. రష్యా వాళ్ళకి ఆ ఖాళీ నేలల్ని దున్నేవాళ్ళు కావాలి, వీళ్ళకి నేల కావాలి. 1910లో కొరియాని జపాన్ మింగేశాక, పొట్ట కోసం వచ్చినవాళ్ళకి తోడు తుపాకీ పట్టినవాళ్ళు, పత్రికలు నడిపేవాళ్ళు కూడా వచ్చారు. వ్లదివస్తోక్‌లో కొరియన్ల పేటే ఒకటి లేచింది. 1923లో పత్రిక, 1931లో ఉపాధ్యాయుల కళాశాల, 1932లో ఈ థియేటర్. ఐదేళ్ళు తిరక్కుండానే పత్రిక అచ్చక్షరాలతో సహా అన్నీ రైలెక్కాయి. థియేటర్ 1937లో కిజిలోర్దాకి, 1942లో ఉష్తొబెకి, 1959లో మళ్ళీ కిజిలోర్దాకి, 1968లో అల్మాటికి మకాం మార్చింది. పత్రిక 1938లో 'లెనిన్ కిచి' పేరుతో మళ్ళీ మొదలై, 1991 నుంచి 'కొర్యో ఇల్బో'గా నడుస్తోంది. ఇప్పుడు అందులో కొరియన్ పేజీల కంటే రష్యన్ పేజీలు చదివేవాళ్ళే ఎక్కువ.

నాటకం కొరియన్‌లో. హాల్లో హెడ్‌ఫోన్లు ఇస్తారు, చెవిలో రష్యన్ అనువాదం వినిపిస్తుంది. నా ముందు వరసలో కూర్చున్నవాళ్ళంతా ముఖం చూస్తే కొరియన్లే, అందరి చెవుల్లోనూ హెడ్‌ఫోన్లు. ఏడ్చే చోట అందరూ ఒక్కసారి ఏడ్చారు, కాకపోతే రంగస్థలం మీద మాట అయిపోయిన రెండు క్షణాల తర్వాత.

ఏప్రిల్ 4, ఉష్తొబె రైలు

శుక్రవారం. మేనల్లుడు క్లాసులు ఎగ్గొట్టాడు (అక్కకి చెప్పొద్దని ఒట్టు). అల్మాటి-1 స్టేషన్‌లో రైలెక్కాం, కొరియన్లని మొదట దించిన ఉష్తొబె ఊరికి. ఊరు దాటితే ఇక స్టెప్పీయే, చెట్లు లేని గడ్డి మైదానం. ఇలి నది, దానిమీద కట్టిన కప్చగాయ్ జలాశయం దాటాక పచ్చదనం అక్కడక్కడా గీత గీసినట్టు కనిపించి మాయమైపోతుంది. ఇది తుర్క్‌సిబ్ లైను, మధ్య ఆసియాని సైబీరియాతో కలిపేది, 1930లో పూర్తయింది. ఈ లైను వేయడం పూర్తయిన ఏడేళ్ళకి దీనిమీద మనుషుల్ని సరుకు పెట్టెల్లో తెచ్చారు.

కిటికీ పక్కన కూర్చుని ఆ లెక్కలు మరోసారి చదువుకున్నాను. 1937 ఆగస్టు 21న మాస్కోలో స్టాలిన్, ఆయన ప్రధాని మొలతోవ్ ఒక తీర్మానం మీద సంతకాలు పెట్టారు. జపాన్ గూఢచారులు చొరబడకుండా రష్యా తూర్పు కొసనున్న దూర ప్రాచ్యం సరిహద్దుల్లోని కొరియన్లని అక్కడి నుంచి ఎత్తెయ్యాలని ఆదేశం. జపాన్ వాళ్ళ దెబ్బకి ఇల్లొదిలి వచ్చినవాళ్ళ మీద, జపాన్‌కి గూఢచారులన్న అనుమానం! దానికి ముందే మాట్లాడగలిగినవాళ్ళని, చదువుకున్నవాళ్ళని, సైన్యంలో ఉన్న అధికారుల్ని పట్టుకెళ్ళారు. వాళ్ళలో సుమారు 2,500 మందిని కాల్చేశారంటారు. అక్టోబరు 25 నాటికి పని ముగిసిందని హోం శాఖ అధిపతి యెజోవ్ నివేదిక ఇచ్చాడు. 124 రైళ్ళు, 36,442 కుటుంబాలు, 1,71,781 మంది. వాళ్ళలో 95,256 మంది కజకిస్తాన్‌కి, 76,525 మంది ఉజ్బెకిస్తాన్‌కి. ఒక దేశంలో ఒక జాతి మొత్తాన్ని లేపి వేరేచోట పడెయ్యడం సోవియట్లలో అదే మొదలు. తర్వాత వోల్గా జర్మన్లు, చెచెన్లు, క్రిమియా తాతార్లు అదే దారిన వచ్చారు.

సరుకు పెట్టెలో అడ్డంగా చెక్కలు కొట్టి రెండంతస్తులు చేశారు, మధ్యలో ఇనప పొయ్యి. ప్రయాణం నెల, కొన్నిటికి నెల పైనే. పొలంలో పంట కోతకి వచ్చి ఉంది, అది అలాగే వదిలేసి రావాలి. దారిలో ముసలివాళ్ళు, పిల్లలు పోయారు. రైలు ఆగినచోట పట్టాల పక్కన పూడ్చారు.

మా పెట్టెలో ఒకాయన చదరంగం తీశాడు, మేనల్లుడు ఓడిపోయాడు, నేను ఇంకా ఘోరంగా ఓడిపోయాను. పొద్దుగూకేవేళకి ఉష్తొబె.

ఏప్రిల్ 5, ఉష్తొబె

ఈ తారీఖు చూసుకునే వచ్చాను. ఇవాళ హన్‌సిక్. పెద్దల సమాధులు బాగుచేసుకునే రోజు. దక్షిణ కొరియాలో ఇది చాలావరకు మరుగున పడింది, దానికి శరత్కాలపు చూసోక్ పండగే మిగిలింది. కొర్యో సారం మాత్రం ప్రపంచంలో ఎక్కడున్నా ఏప్రిల్ 5ని వదలరు. దూరాల్లో స్థిరపడ్డ పిల్లలు కూడా ఈ రోజుకి వస్తారు.

మేం దిగింది మేనల్లుడి క్లాస్‌మేట్ అమ్మమ్మగారింట్లో. అవ్వ 1940లలో ఇక్కడే పుట్టింది. తెల్లవారుజామునే లేచి వండేసింది. ముక్క కొట్టకుండా ఉడికించిన కోడి, నూనెలో వేయించిన చేప, బియ్యప్పిండి ముద్దలు, యాపిళ్ళు, బిస్కెట్లు, ఒక వోద్కా సీసా. పదకొండు గంటల్లోపే శ్మశానానికి పోవాలట, మధ్యాహ్నం దాటితే కుదరదు. వంట సామాన్ల పక్కనే కారు డిక్కీలో రెండు పారలు, ఒక కొడవలి, నీలం రంగు డబ్బా, బ్రష్.

ఊరు దాటి ఏడు కిలోమీటర్ల దాకా పోతే బస్తొబె అనే బోడిగుట్ట. చెట్టన్నది లేదు. గాలి మాత్రం మనిషిని తోసేస్తోంది. గుట్ట వాలులో సమాధులు, కింద మైదానంలో ఒక స్మారక శిల. దానిమీద కొరియన్‌లోనూ రష్యన్‌లోనూ చెక్కారు. దూర ప్రాచ్యం నుంచి బలవంతంగా తరలించిన కొరియన్లు 1937 అక్టోబరు 9 నుంచి 1938 ఏప్రిల్ 10 దాకా నేలలో గుంతలు తవ్వుకుని బతికిన తొలి మజిలీ ఇదేనని దాని సారాంశం. గుట్టకి ఎందుకు ఆనుకున్నారో అక్కడ నిలబడితే తెలుస్తుంది. ఉత్తరపు గాలికి అడ్డం ఆ గుట్ట తప్ప కనుచూపుమేర ఇంకేమీ లేదు. ఇంట్లో హీటర్ పెట్టుకుని బతికేవాళ్ళే ఇక్కడ జనవరిని తిట్టుకుంటారు. వాళ్ళకి అప్పటికి ఉన్నవి చేతులు, పారలు, కరతాల్ నది ఒడ్డున దొరికే రెల్లు. ఆ గుంతల గుర్తులు ఇప్పటికీ సన్నటి పల్లాల్లా కనిపిస్తున్నాయి. అవ్వ ఒకదాని దగ్గర ఆగింది. ఇది మనదని చెప్పలేదు, ఎవరిదో అని చెయ్యూపి ముందుకి నడిచింది.

సమాధుల దగ్గర అప్పటికే జనం. పాతవాటికి ఇనప పలకలు, కొన్నిటిమీద కొరియన్ అక్షరాలు తుప్పులో కలిసిపోతున్నాయి. కొత్తవి నల్లరాయి, మీద మనిషి బొమ్మ చెక్కి, పేరు రష్యన్ లిపిలో. కిమ్, పాక్, త్సోయ్, తెన్, యుగాయ్, హెగాయ్. ఇంటిపేరు కొరియాది, సొంతపేరు, తండ్రి పేరు రష్యావి. అవ్వ మనవడు కొడవలితో కలుపు కోశాడు, మేనల్లుడు కటకటాలకి నీలం రంగు వేశాడు. నాకు మట్టి ఎగదోసే పని పడింది. అతిథిని కదా అని ఒక్కరూ వద్దనలేదు.

పని ముగిశాక నేలమీద ఆయిల్‌క్లాత్ పరిచి అన్నీ సర్దింది. ముందుగా ఆ భూమికి వోద్కా పోయాలి, అది అక్కడి నేల దేవరకి. తర్వాత సమాధి ముందు గ్లాసు పెట్టి మోకాళ్ళ మీద వంగి నమస్కారాలు. అవ్వకి మోకాళ్ళు వంగవు. మనవడి భుజం పట్టుకుని వంగింది. కోడిని ముక్కలు చేసి మాకూ పెట్టింది, పక్క సమాధివాళ్ళకీ పంపింది. వాళ్ళు ఉప్పు చేప పంపారు. మొత్తానికి ఏడుపులేం లేవు. పిల్లలు ఫోన్లు చూసుకుంటున్నారు, ఎవరి అల్లుడు కొత్త కారు కొన్నాడో మాట్లాడుకుంటున్నారు.

తింటూ అవ్వ చెప్పింది, మేనల్లుడు తెలుగులోకి అందించాడు. వాళ్ళమ్మ రైలెక్కేటప్పుడు ఒళ్ళో పసిబిడ్డ. ఆ బిడ్డ ఇక్కడిదాకా రాలేదు. ఎక్కడ దించారో ఆవిడకి తెలీదు, రాత్రి వేళ, ఊరి పేరు లేదు. దాని గురించి వాళ్ళమ్మ ఒక్కసారే చెప్పిందట, అదీ స్టాలిన్ పోయాక చాలా ఏళ్ళకి. ఆ మాట బయటంటే ఏమవుతుందోనని భయం. విత్తనం వడ్లు మాత్రం దారి పొడుగునా ఒంటికి కట్టుకునే వచ్చిందట. "మరి మొదటి చలికాలం ఏం తిన్నారు?" అని అడిగించాను. కజక్ ఆడవాళ్ళు రొట్టె తెచ్చి పెట్టారంది.

ఆ రొట్టె సంగతి ఇక్కడ ప్రతి ఒక్కరూ చెప్తారు. బస్తొబె దగ్గర కజక్ ప్రజలకి కృతజ్ఞతగా కొరియన్లు పెట్టిన స్మారకం కూడా ఉంది. కజకిస్తాన్‌లో మార్చి 1ని ఏకంగా కృతజ్ఞతా దినంగా జరుపుతారు. ఇలాంటి అధికారిక కృతజ్ఞతలంటే నాకు కాస్త అనుమానమే, ప్రభుత్వం చేసిన పాపాన్ని ఇరుగుపొరుగు మంచితనంతో కప్పేసినట్టు ఉంటుంది. కానీ ఈ రొట్టె విషయంలో ఒక్కటి మర్చిపోకూడదు. 1930 నుంచి 1933 దాకా పశువుల్ని లాక్కుని, బలవంతపు సమష్టి వ్యవసాయం పెట్టి తెచ్చిన కరువులో కజకిస్తాన్‌లో సుమారు 15 లక్షల మంది చచ్చిపోయారు, ఎక్కువమంది కజక్‌లే. అంటే ఆ రొట్టె పెట్టినవాళ్ళు నాలుగేళ్ళ కిందట తమ పిల్లల్ని పూడ్చుకున్నవాళ్ళు. రెండు కష్టాలూ ఒకే కలంతో రాసినవే. ఇక్కడ పెట్టిన రాళ్ళలో ఒక్కదానిమీదా ఆ రెండూ కలిపి రాసి లేదు.

రాత్రి కుక్సీ తిన్నాం. చల్లటి పుల్ల నీళ్ళలో సన్న నూడుల్స్, మీద గొడ్డుమాంసం, దోసకాయ, అట్టులా వేసి తరిగిన గుడ్డు. మేనల్లుడు గొడ్డుమాంసం పక్కకి తీశాడు, అవ్వ ఏమీ అడక్కుండా ఇంకో గుడ్డు వేసింది. గోడ మీద మనవడి మొదటి పుట్టినరోజు ఫోటో, ముందు బల్ల మీద బియ్యం, దారం, కత్తెర, పెన్సిలు. పిల్లాడు ఏది పట్టుకుంటే వాడి బతుకు అలా ఉంటుందని. వీళ్ళకి మనిషి జన్మలో మూడు బల్లలు, ఏడాది నిండినప్పుడు ఒకటి, పెళ్ళికి ఒకటి, అరవయ్యేళ్ళకి పిల్లలు పెట్టేది ఒకటి. మొదటిది లేనివాడికి చివరిది లేదట. ఆ వాగన్లలో, ఆ గుంతల్లో ఏడాది నిండిన పిల్లలకి బల్ల ఎవరు పెట్టారని అడగాలనిపించింది. అడగలేదు.

ఏప్రిల్ 6, కరతాల్ ఒడ్డు

పొద్దున అవ్వ మనవడు పొలాలు చూపించాడు. ఇంకా దుక్కి కూడా దున్నలేదు, విత్తేది మే నెలలో. కాలవలన్నీ 1938 నుంచి కొరియన్లు తవ్వినవే. రెల్లు నరికి, ఉప్పు నేలకి నీళ్ళు పెట్టి కడిగి వరి పండించారు. యుద్ధం వచ్చింది, కొరియన్లని నమ్మి తుపాకీ ఇవ్వలేదు, బొగ్గు గనుల్లోకి, అడవుల్లోకి కార్మిక దళాలుగా తోలారు. అవ్వ వాళ్ళ నాన్న కరగందా గనుల్లో పనిచేసి వచ్చాడట. 1938లోనే కొరియన్ బడులన్నిటినీ రష్యన్ మీడియం చేసేశారు. స్టాలిన్ పోయేదాకా మధ్య ఆసియా దాటి పోవడానికి లేదు.

ఆ కట్టడి పోయాక చేతికొచ్చినది 'కొబొంజి'. నాలుగైదు కుటుంబాలు ఒక మేస్త్రీ కింద జట్టుకట్టి, వసంతంలో ఎక్కడో వేల కిలోమీటర్ల దూరంలో నేల కౌలుకి తీసుకుని, ఉల్లిగడ్డలో పుచ్చకాయలో వేసి, పొలంలోనే గుడిసెల్లో ఉండి, కోత అయ్యాక అమ్ముకుని ఇల్లు చేరడం. సోవియట్ లెక్కల్లో దీనికి చోటు లేదు, ఉన్నా లేనట్టు చూశారు. ఆ ఉల్లిగడ్డల డబ్బుతోనే పిల్లలు ఇంజినీర్లు, డాక్టర్లు అయ్యారు. ఈ మనవడు మాత్రం టాల్దికొర్గాన్‌లో సెల్‌ఫోన్లు రిపేరు చేస్తాడు. పొలం చూపించేటప్పుడు గట్టు మీద షూస్‌కి మట్టి అంటకుండా నడవడం చూశాను.

మధ్యాహ్నం రైలుకి వెనక్కి.

ఏప్రిల్ 7

బట్టలు ఉతుక్కోవడం, సిమ్ కార్డు గొడవ. సాయంత్రం కిజిలోర్దా రైలు, ఈసారి ఒక్కణ్ణే. మేనల్లుడికి ఫార్మకాలజీ పరీక్ష టెన్షన్.

ఏప్రిల్ 8, కిజిలోర్దా

సిర్‌దర్యా నది ఒడ్డున దుమ్ము కొట్టుకున్న, విశాలమైన ఊరు. 1925 నుంచి 1929 దాకా కజక్ రిపబ్లిక్ రాజధాని, ఇప్పుడు దాని ఆనవాళ్ళు పెద్దగా లేవు. వ్లదివస్తోక్ నుంచి వచ్చిన ఉపాధ్యాయ కళాశాల ఇక్కడే దిగి, రష్యన్ మీడియం అయిపోయి, చివరికి నేటి విశ్వవిద్యాలయానికి మూలమైంది.

నేను వచ్చింది హాంగ్ బొమ్‌దో కోసం. 1868లో పుట్టిన వేటగాడు. 1920 జూన్‌లో మంచూరియాలోని బొంగొదొంగ్ దగ్గర జపాన్ దళాన్ని ఓడించి కొరియన్లందరికీ వీరుడైనవాడు. తర్వాత సోవియట్ నేలకి వచ్చాడు, 1927లో కమ్యూనిస్టు పార్టీలో చేరాడు. 1937లో ఆ పార్టీయే ఆయన్నీ రైలెక్కించింది. ఈ ఊళ్ళో కొరియన్ థియేటర్‌కి కాపలాదారు. 1942లో అదే థియేటర్ ఆయన కథనే నాటకంగా ఆడింది. తన మీద నాటకం ఆడుతుంటే గేటు దగ్గర కాపలా కాసిన సేనాని ప్రపంచంలో ఇంకొకడు ఉంటాడని అనుకోను. 1943 అక్టోబరు 25న పోయాడు.

ఆయన పేరిట వీధి ఉంది. శ్మశానంలో స్మారకం ఉంది. ఆయన మాత్రం లేడు. 2021 ఆగస్టు 15న, కొరియా స్వాతంత్ర్య దినం రోజున, ఎముకల్ని యుద్ధవిమానాల స్వాగతంతో దక్షిణ కొరియా తీసుకెళ్ళారు, మూడు రోజులకి తెజాన్ జాతీయ శ్మశానంలో సమాధి చేశారు. ఇక్కడి కొర్యో సారంలో కొందరికి అది మింగుడుపడలేదు. 78 ఏళ్ళు వాళ్ళు కలుపు తీసి, రంగులేసి, ఏటా వోద్కా పోసిన సమాధి అది. రెండేళ్ళు తిరిగేసరికి, 2023లో సియోల్ సైనిక అకాడమీ ఆయన విగ్రహాన్ని తీసేస్తామంది. కారణం, సోవియట్ కమ్యూనిస్టు పార్టీ సభ్యుడట! దానిమీద అక్కడ పెద్ద రగడే జరిగింది. పార్టీలో చేరకుండా ఆ రోజుల్లో సోవియట్ నేలమీద ఒక తుపాకీ మనిషి ఎలా బతికేవాడో ఆ అధికారులు చెప్పాలి. నన్నడిగితే ఆయన్ని కదపకుండా ఉండాల్సింది. ఏ పార్టీ కార్డు ఉందని అడక్కుండా సమాధి చూసుకున్నవాళ్ళు ఈ ఊరివాళ్ళు.

ఏప్రిల్ 9, కిజిలోర్దా

నిన్న తిప్పిన టాక్సీ డ్రైవరూ కొరియనే. ఇండియాలో కూడా వరి పండుతుందని చెప్పగానే, మా అమ్మని కలవాల్సిందే అన్నాడు. ఆమె పాతికేళ్ళు వరి బ్రిగేడ్‌లో చేసిందట. అలా మధ్యాహ్నం భోజనానికి వాళ్ళింట్లో తేలాను. డ్రైవర్ కూతురికి ఇంగ్లీషు వచ్చు, కాబట్టి బతికిపోయాను.

కజకిస్తాన్ వరిలో చాలాభాగం ఈ జిల్లాలదే. ఇక్కడి షియెలి వైపు 'అవాన్‌గార్ద్' సమష్టి క్షేత్రంలో కిమ్ మాన్‌సామ్ అనే రైతు 1940లలో వరి దిగుబడిలో సోవియట్ దేశమంతా చెప్పుకునే రికార్డులు పెట్టాడు. ఇబ్రాయ్ జహాయెవ్ అనే కజక్ రైతు అదే విద్య అందుకుని అంతకంటే పెద్ద పేరు సంపాదించాడు. ఈ ముసలావిడకి ఇద్దరి పేర్లూ నిన్న మొన్నటి పక్కింటివాళ్ళ పేర్లలా నోట్లో ఆడుతున్నాయి. ఇప్పుడు సిర్‌దర్యాలో నీళ్ళు చాలడం లేదు, వరి తగ్గించమని ప్రభుత్వం ఏటా చెప్తోంది. ఆ మాటొస్తే చాలు ఆవిడకి కోపం.

మనవరాలు కొరియన్ నేర్చుకుంటోంది. టీవీ సీరియళ్ళతో మొదలై ఇప్పుడు 'టోపిక్' అనే కొరియన్ భాషా పరీక్షకి కూర్చుంటోంది. ముసలావిడకి కొరియన్ వచ్చు, కానీ అది నూట అరవయ్యేళ్ళ కిందట హమ్‌గ్యోంగ్ రైతులు తుమెన్ దాటించి తెచ్చిన కొరియన్. మనవరాలు ఫోన్‌లో అనువాదం యాప్ పెట్టి "ఇందులో మాట్లాడు" అంది. ఆవిడ పెద్ద వాక్యమే చెప్పింది. తెర మీద ఏదేదో వచ్చింది. మళ్ళీ చెప్పింది, ఈసారి గట్టిగా. ఫోన్ ఈసారి బియ్యానికి బదులు ఏదో బస్సు టికెట్ ధర చూపించింది. "దీనికి కొరియన్ రాదు, అమ్మేసెయ్" అని ఫోన్ బల్ల మీద పడేసింది.

తర్వాత నన్ను పట్టుకుంది. మీరు విత్తనం చల్లుతారా, నారు పోస్తారా? నీళ్ళు ఎన్నాళ్ళు నిలబెడతారు? కలుపు ఎవరు తీస్తారు? నేను పుట్టింది వేరుశనగ జిల్లాలో, వరి గురించి నాకు తెలిసింది కోస్తా బంధువుల దగ్గర విన్నదే, అయినా తగ్గకుండా చెప్పాను. నారు పోసి ఒక్కో మొక్కా చేత్తో నాటుతామంటే నమ్మలేదు, ఇక్కడంతా విత్తనం వెదజల్లడమే. గోదావరి, కృష్ణ డెల్టాల్లో ఏడాదికి రెండు పంటలు అని చెప్పేసరికి చెంచా కింద పెట్టింది. ఇక్కడ ఒక్క పంటకే మే నుంచి సెప్టెంబరు దాకా, ఆ తర్వాత అంతా మంచే.

"రెండు పంటలు పండే నేల పెట్టుకుని మీ పిల్లలు చదువుకోవడానికి ఇక్కడికెందుకు వస్తున్నారు?" అని అడిగింది. మా మేనల్లుడి ఫీజు లెక్క, మా దగ్గర ప్రైవేటు మెడికల్ కాలేజీ సీటు లెక్క పక్కపక్కన చెప్పాను. మనవరాలు అది టెంగెల్లోకి, అంటే ఇక్కడి డబ్బులోకి మార్చి వినిపించింది. ముసలావిడ రెండంకెలూ మళ్ళీ చెప్పించుకుని, కొడుకు వైపు తిరిగి ఏదో గట్టిగా అంది. డ్రైవర్ తల దించుకుని నూడుల్స్ తిన్నాడు. ఏమందని అడిగితే మనవరాలు నవ్వింది. పెద్దన్నయ్య అప్పటికే కొరియాలో, అన్సాన్‌లోని ఒక ఫ్యాక్టరీలో పనిచేస్తున్నాడట. ఆగస్టులో ఈ అమ్మాయి కూడా అక్కడికే. "ఇద్దరికీ విమానం టికెట్లు పెట్టేకంటే ఒక్క డాక్టర్ని చేసుంటే నా మోకాళ్ళు చూసేది కదా" అందట.